అమ్మకి సున్నా పాయింట్లు

బీజింగ్‌లో మనుషులకి పాయింట్లు వేసే పట్టిక ఒకటుంది. బయటి ఊళ్ళ నుంచి వచ్చి ఏళ్ళ తరబడి అక్కడే పనిచేస్తున్నవాళ్ళలో ఎవరిని తమ ఊరివాళ్ళుగా రాసుకోవాలో తేల్చడానికి 2018లో దాన్ని మొదటిసారి వాడారు. డిగ్రీకి 15 పాయింట్లు. పీజీకి 26. పీహెచ్‌డీకి 37.

అంటే నేనే గనక చైనాలో ఏ పల్లెలోనో పుట్టి, పీహెచ్‌డీ చేసి బీజింగ్ చేరి ఉంటే, చదువు గడిలో నాకు 37 పడేవి. నిశానీ వేసే మా అమ్మకి అదే గడిలో సున్నా.

ఆ సున్నా నన్ను చాలా రోజులు వదల్లేదు. ఎందుకో చెప్పాలంటే కొంచెం వెనక్కి వెళ్ళాలి.

పోయిన భాగంలో పాలమూరు వలస గురించి రాశాను. అది చదివి మా జిల్లా అన్న ఒకాయన ఫోన్ చేశాడు. చిన్నప్పుడు మా వాడలో సంఘం పెట్టి మాకు పాటలు నేర్పినవాడు. "బాగ రాసినవ్ చెల్లె. కని చైనాల ఇట్లుండకపోవు. ఆడ భూమి పంచిండ్రు" అన్నాడు. ఆయన మాటని నేను తేలిగ్గా తీసుకోలేను. దూరాన ఎక్కడో భూమి లేనోళ్ళకి భూమి దక్కిందని ఆయన నోట విన్నాకే మా నాయిన మొదటిసారి పటేల్ ముందు నిలబడి కూలి రేటు అడిగాడు.

ఆ నెలలోనే నా పాత విద్యార్థిని ఇంటికొచ్చింది. చైనాలో ఎంబీబీఎస్ చదివి వచ్చిన పిల్ల. మాటల్లో మాటగా తమ హాస్టల్ ఊడ్చే ఆవిడ గురించి చెప్పింది. అందరూ ఆమెని "ఆయీ" అని పిలిచేవాళ్ళట. చైనీసులో ఆయీ అంటే పిన్ని వరస. ఇళ్ళల్లో పనిచేసే ఆడవాళ్ళనీ అలాగే పిలుస్తారు. "మేడమ్, ఆమె కొడుకు ఊళ్ళో అమ్మమ్మ దగ్గర ఉంటాడట. ఏడాదికోసారి వాళ్ళ కొత్త సంవత్సరానికి పోయి చూసొస్తుంది. ఇక్కడే బళ్ళో వేయొచ్చు కదా అంటే, నా కాగితం ఇక్కడిది కాదు అంది."

మా అమ్మ హైదరాబాద్‌లో ఒక ప్రైవేటు స్కూల్లో పదకొండేళ్ళు ఆయాగా చేసింది. నేను ఊళ్ళో అవ్వ దగ్గర, తర్వాత ఎస్సీ హాస్టల్లో. అమ్మ ఉగాదికీ దసరాకీ వచ్చేది.

ఆ పిల్ల చెప్తున్నప్పుడు అమ్మ అక్కడే కూర్చుని చిక్కుడుకాయలు ఒలుస్తోంది. తలెత్తి "ఆమె పేరేంది బిడ్డా?" అని అడిగింది. ఆ పిల్లకి తెలియదు. ఐదేళ్ళూ ఆయీ అనే పిలిచారు.

ఆమె చెప్పిన ఆ కాగితం ఏమిటో తెలుసుకుందామని కూర్చున్నాను.

దాని పేరు హుకౌ. కుటుంబాన్ని నమోదు చేసే పుస్తకం. 1949 తర్వాత అక్కడ భూమి పంచిన మాట నిజం, అన్న చెప్పింది అబద్ధం కాదు. 1954 రాజ్యాంగంలో నచ్చినచోట ఉండే హక్కు, చోటు మారే హక్కు కూడా రాసుకున్నారు. నాలుగేళ్ళు తిరక్కుండానే, 1958 జనవరిలో, హుకౌ చట్టం వచ్చింది. ప్రతి మనిషికీ రెండు ముద్రలు. నువ్వు ఏ ఊరివాడివి, ఏ రకంవాడివి. రకాలు రెండే: వ్యవసాయం, వ్యవసాయేతరం. పల్లె మనిషి పట్నానికి మారాలంటే ఉద్యోగం వచ్చినట్టో, కాలేజీలో సీటు వచ్చినట్టో, పట్నం అధికారులు ఒప్పుకున్నట్టో కాగితం చూపించాలి. 1975లో రాసిన రాజ్యాంగంలో చోటు మారే హక్కు మాటే లేదు.

ఎందుకు చేశారు? లెక్క సులభం. ఫ్యాక్టరీలు కట్టాలి. ఫ్యాక్టరీ కార్మికుడికి చౌకగా తిండి పెట్టాలి. అందుకు పల్లె నుంచి ధాన్యం తక్కువ ధరకి లాగాలి. ధర గిట్టకపోతే రైతు పొలం వదిలి పట్నం బస్సెక్కుతాడు. ఎక్కకుండా ఉండాలంటే గేటు కావాలి. హుకౌ ఆ గేటు. లోపలివాళ్ళకి రేషన్, ఉద్యోగం, ఇల్లు, వైద్యం, పింఛను. బయటివాళ్ళకి పొలం, కమ్యూన్, సర్కారుకి కొలిచే ధాన్యం.

చట్టం వచ్చిన మరుసటి ఏడాదే మహా కరువు మొదలైంది. 1959 నుంచి 1961 దాకా. చనిపోయినవాళ్ళ అంచనాలు ఒకటిన్నర కోటి నుంచి నాలుగున్నర కోట్ల దాకా ఉన్నాయి. అందులో అత్యధికులు ధాన్యం పండించినవాళ్ళే. పట్నాలకి పోవాల్సిన ధాన్యం పోతూనే ఉంది. కరువొస్తే మనిషి మొదట చేసే పని మూట నెత్తిన పెట్టుకుని నడవడం. పాలమూరోళ్ళకి ఈ సంగతి ఎవరూ చెప్పనక్కర్లేదు. మా తాతలు బతికిందే అలా. అక్కడ ఆ నడకనే నేరం చేశారు. కరువు తర్వాత పట్నాల భారం తగ్గించడానికి దాదాపు రెండు కోట్ల మందిని తిరిగి పల్లెలకి పంపేశారు.

ఇంకో సంగతి దగ్గర నేను ఆగిపోయాను. 1998 దాకా బిడ్డకి వచ్చేది తల్లి హుకౌ. తండ్రి పట్నంవాడైనా సరే, తల్లి పల్లెదైతే బిడ్డ పల్లె మనిషే. పల్లె ఆడపిల్లని చేసుకుంటే పుట్టబోయే బిడ్డ రేషన్ పోతుందని పట్నం మగవాళ్ళు ఆలోచించుకున్నారు. పుట్టుకని బట్టి మనిషి, మనిషిని బట్టి పెళ్ళి. ఈ వాక్యం రాయడానికి నాకు చైనా చరిత్ర చదవాల్సిన పని లేదు.

1978 తర్వాత గేటు సగం తెరిచారు. సగం అని ఎందుకంటున్నానంటే, పనికి రావొచ్చు, ఉండిపోవడానికి మాత్రం లేదు. షెన్‌జెన్ లాంటి ఊళ్ళు ఆ సగం తెరిచిన గేటులోంచి వచ్చినవాళ్ళ చేతుల మీదే లేచాయి. వాళ్ళని నోంగ్‌మిన్‌గోంగ్ అంటారు, రైతు కూలీ అని. జీవితంలో ఒక్కరోజు నాగలి పట్టకుండా ఇరవై ఏళ్ళు ఫ్యాక్టరీలో చేసినా ఆ పేరు పోదు. ఇవాళ అలాంటివాళ్ళు దాదాపు 30 కోట్ల మంది. 2020 జనాభా లెక్కల్లో పట్నాల్లో ఉంటున్నవాళ్ళు దాదాపు 64 శాతం. పట్నం హుకౌ ఉన్నవాళ్ళు 45 శాతమే. ఆ మధ్యలో దాదాపు 26 కోట్ల మంది. అంటే మన రెండు తెలుగు రాష్ట్రాలు కలిపితే ఎంతో, దానికి రెండింతలకు మించి.

ఇందులో ఎవరికి లాభమో ఒక్కసారి లెక్క వేయండి. ఒక మనిషిని కని, పెంచి, బడికి పంపి ఇరవై ఏళ్ళవాణ్ణి చేసే ఖర్చు పల్లెది. ఆ తర్వాత నలభై ఏళ్ళ చాకిరీ పట్నానిది. నడుం వంగాక వాణ్ణి చూసుకునే ఖర్చు మళ్ళీ పల్లెది. 2024లో పల్లె ముసలివాళ్ళకి ప్రభుత్వం ఖాయం చేసిన కనీస పింఛను నెలకి 123 యువాన్లు. మన డబ్బుల్లో పద్నాలుగు, పదిహేను వందలు. పట్నంలో ఉద్యోగం చేసి రిటైరైనవాళ్ళకి వేలల్లో వస్తుంది. ఈ ముసలివాళ్ళు 2006లో వ్యవసాయ పన్ను ఎత్తేసేదాకా సర్కారుకి కడుతూ వచ్చినవాళ్ళు. పట్నానికి మా చేతులు కావాలి. చేతుల వెనకున్న పిల్లలు, తల్లిదండ్రులు, జబ్బులు అక్కర్లేదు.

చేతులు కాగితం లేకుండా దొరికితే ఏమవుతుందో సున్ జిగాంగ్ విషయంలో లోకం చూసింది. 27 ఏళ్ళు. హుబేయ్ నుంచి గ్వాంగ్‌జౌ వచ్చిన డిజైనర్, చదువుకున్నవాడు. 2003 మార్చిలో ఒక రాత్రి పోలీసులు ఆపి తాత్కాలిక నివాస పత్రం అడిగారు. చేతిలో లేదు. అలాంటివాళ్ళని పట్టి ఊళ్ళకి తోలేసే కేంద్రాలకి పంపే పద్ధతి 1982 నుంచి ఉంది. మూడు రోజుల్లో అతను దెబ్బలతో చనిపోయాడు. ఒక పత్రిక ధైర్యం చేసి రాసింది. ముగ్గురు న్యాయశాస్త్ర డాక్టరేట్లు ఆ నిబంధనలు రాజ్యాంగానికి విరుద్ధమని అర్జీ పెట్టారు. జూన్‌లో ప్రభుత్వం ఆ పద్ధతిని రద్దు చేసింది. ఆ ముగ్గురిలో ఒకరు శు జియోంగ్. తర్వాత ఆయన వలస కూలీల పిల్లలకి చదువులో సమాన హక్కు కావాలని ఉద్యమించాడు. 2014లో నాలుగేళ్ళు, 2023లో పద్నాలుగేళ్ళు జైలు శిక్ష వేశారు. 37 పాయింట్ల పట్టా ఉన్న మనిషే. ఆ పట్టాని ఎటువైపు నిలబడడానికి వాడాడో చూడండి.

ఇక పిల్లల చదువు. బీజింగ్‌లో కూలీ పిల్లని సర్కారు బళ్ళో చేర్చాలంటే "ఐదు కాగితాలు" కావాలనేవాళ్ళు. నివాస పత్రం, ఇంటి రుజువు, పని రుజువు, హుకౌ పుస్తకం, సొంత ఊళ్ళో ఈ పిల్లని చూసేవాళ్ళు లేరన్న రుజువు. ఐదోదాన్ని మళ్ళీ చదవండి. అవ్వ బతికి ఉంటే పిల్లకి సీటు రాదు. నేనైతే అక్కడే ఆగిపోయేదాన్ని.

అందుకే కూలీలు తమ పిల్లల కోసం రేకుల షెడ్లలో తామే బళ్ళు పెట్టుకున్నారు. 2011 వేసవిలో బీజింగ్‌లో అలాంటి 24 బళ్ళు మూసేశారు. పద్నాలుగు వేల మంది పిల్లలు రోడ్డున పడ్డారు. ఎలాగో చదివినా, కాలేజీ ప్రవేశపరీక్ష గావ్‌కావ్ హుకౌ ఉన్న రాష్ట్రానికే వెళ్ళి రాయాలి. పాఠాలు ఒకచోటివి, పరీక్ష ఇంకోచోటిది. బీజింగ్ హుకౌ ఉన్న పిల్లకి బీజింగ్‌లోని పెద్ద యూనివర్సిటీల్లో సీటు దొరికే అవకాశం మిగతా రాష్ట్రాల పిల్లలకంటే ఎన్నో రెట్లు ఎక్కువ. ఇక్కడ రిజర్వేషన్ అనగానే మెరిట్ గురించి ఉపన్యాసం ఇచ్చేవాళ్ళు ఈ కోటా గురించి కూడా ఒక మాట చెప్తే వినాలనుంది.

ఈ గందరగోళంలో పడలేని తల్లులు పిల్లల్ని ఊళ్ళోనే వదిలేస్తారు. 2013లో చైనా మహిళా సమాఖ్య లెక్కలో అలా వెనక మిగిలిన పల్లె పిల్లలు ఆరు కోట్లకు పైనే. 2012 నవంబర్‌లో గ్వేజౌలోని బీజియేలో ఐదుగురు మగపిల్లలు చలికి తట్టుకోలేక వీధి చెత్తకుండీలో దూరి, బొగ్గులు రాజేసుకుని, పొగకి ఊపిరాడక చనిపోయారు. కొందరి తల్లిదండ్రులు వందల మైళ్ళ దూరాన షెన్‌జెన్‌లో పనిలో ఉన్నారు.

నేను కూడా అలా మిగిలిన పిల్లనే. నన్ను ఆపిన చట్టం ఏదీ లేదు, ఆ తేడా చెప్పకపోతే తప్పు. హైదరాబాద్‌లో ఏ సర్కారు బడైనా నన్ను చేర్చుకునేది. నన్ను ఆపింది మా అమ్మానాయినలు పడుకున్న చోటు. కులం అడిగి ఇల్లు ఇవ్వని ఓనర్లు చివరికి మిగిల్చిన రేకుల గది, నలుగురు కూలీలతో కలిసి. ఊళ్ళో ఉన్న రేషన్ కార్డు అప్పట్లో పట్నంలో చెల్లేది కాదు కాబట్టి పట్నంలో వాళ్ళు బియ్యం కొనుక్కు తినేవాళ్ళు, ఊళ్ళో అవ్వ నన్ను కోటా బియ్యంతో పెంచింది. నాలుగో తరగతి సెలవుల్లో అమ్మ నన్ను తన స్కూలుకి తీసుకుపోయింది. పిల్లలెవరూ లేని క్లాసులో బెంచీ మీద కూర్చోబెట్టి, తను నేల తుడుస్తూ "ఎట్లుంది?" అని అడిగింది. బాగుందన్నాను. ఇద్దరం ఇంకేం మాట్లాడుకోలేదు.

కాగితం ప్రాణానికి కూడా ధర కట్టింది. 2005 డిసెంబర్‌లో చోంగ్‌చింగ్‌లో ఒకే బండిలో బడికి పోతున్న ముగ్గురు స్నేహితురాళ్ళ మీద లారీ పడింది. ముగ్గురూ పోయారు. ఇద్దరికి పట్నం హుకౌ, వాళ్ళ ఇళ్ళకి రెండు లక్షల యువాన్లకు పైగా పరిహారం. మూడో పిల్లది పల్లె హుకౌ, ఆమెకి అందులో సగం కూడా రాలేదు. కోర్టుల లెక్క అది: పల్లె మనిషి సంపాదన తక్కువ కాబట్టి పల్లె ప్రాణం తక్కువ. ఆ తేడాని దేశమంతా తీసేయడానికి 2022 దాకా పట్టింది.

మార్పులు రాలేదని నేననడం లేదు. 2014లో వ్యవసాయం, వ్యవసాయేతరం అన్న రెండు ముద్రలూ తీసేస్తామని ప్రకటించారు. చిన్న ఊళ్ళల్లో ఇప్పుడు హుకౌ సులభంగానే దొరుకుతోంది. చాలామంది పల్లెవాళ్ళు అడిగి మరీ వద్దంటారు కూడా. పల్లె హుకౌ పోతే ఊళ్ళో ఉన్న ఆ కాస్త భూమి మీద హక్కు ఏమవుతుందోనని భయం. పట్నంలో పని పోయిననాడు వాళ్ళకి మిగిలేది అదే. అన్న చెప్పిన పంచిన భూమి ఇవాళ్టికీ అలా వాళ్ళని కాస్తోంది. మా నాయినకి అదీ లేదు.

కానీ పని ఎక్కడుందో, మంచి బడీ మంచి ఆసుపత్రీ ఎక్కడున్నాయో, ఆ పెద్ద నగరాల గేట్లు మాత్రం పాయింట్లతో తెరుచుకుంటాయి. బీజింగ్‌లో హుకౌ లేని జనం 80 లక్షలకు పైనే. 2018లో పాయింట్లతో లోపలికి తీసుకున్నది 6,019 మందిని. కటాఫ్ 90.75. సామాజిక బీమా కట్టిన ఏడాదికి 3 పాయింట్లు. అద్దె ఇంట్లో ఉన్న ఏడాదికి అర. వయసు 45 దాటకపోతే 20. ఇరవై ఏళ్ళు బీమా కట్టి, ఇరవై ఏళ్ళు అద్దెకుండి, ఇంకా 45 దాటని ఒక కార్మికురాలికి ఈ మూడు గడులూ కలిపితే 90. ముప్పావు పాయింటు తక్కువ. అదీ యజమాని సక్రమంగా బీమా కడితేనే. ఇళ్ళల్లో పనిచేసే ఆయీకి బీమా కట్టేదెవరు? ఆమె ఇరవై ఏళ్ళు ఏ గడిలోనూ పడవు.

పాయింట్లు లేనివాళ్ళని ఎలా చూస్తారో 2017 నవంబర్‌లో తెలిసింది. బీజింగ్ శివారు దాషింగ్‌లో కూలీలు ఉండే ఒక భవనం కాలి 19 మంది చనిపోయారు. భద్రత పేరుతో నలభై రోజుల కార్యక్రమం మొదలుపెట్టి, గడ్డకట్టే చలిలో, వేలమంది కూలీల్ని గదుల్లోంచి గంటల మీద ఖాళీ చేయించారు. అప్పుడే అధికారుల కాగితాల్లో వాడిన ఒక మాట జనం నోళ్ళలో పడింది. "అడుగు స్థాయి జనాభా" అని. కోపం పెరిగేసరికి ఇంటర్నెట్‌లో ఆ మాటనే కనబడకుండా చేశారు. మాటని తీసేశారు, మనుషుల్నీ తీసేశారు.

నేను సాహిత్యం మనిషిని కాబట్టి వాళ్ళేం రాశారో వెతికాను. ఫాన్ యూసు దొరికింది. హుబేయ్ పల్లె నుంచి వచ్చి బీజింగ్‌లో ధనవంతుల ఇంట్లో ఆయీగా చేసిన మనిషి. బీజింగ్ అంచున పీ చున్ అనే పల్లెలో కూలీలు 2014లో పెట్టుకున్న సాహిత్య బృందంలో రాయడం మొదలుపెట్టింది. 2017 ఏప్రిల్‌లో "నేను ఫాన్ యూసుని" అన్న ఆమె వ్యాసాన్ని లక్షలమంది చదివారు. రాత్రి యజమాని బిడ్డని నిద్రపుచ్చుతూ, తల్లి లేకుండా పడుకున్న తన ఇద్దరు కూతుళ్ళని తలుచుకోవడం ఉంది అందులో. పాత సామాన్ల దుకాణాల్లో కూతురి కోసం తూకం లెక్కన కొన్న పుస్తకాలున్నాయి. చదివింది తక్కువ, రాసింది మాత్రం నా పీహెచ్‌డీ కంటే బరువైంది. ఆ పట్టికలో ఆమె వ్యాసానికి గడి లేదు.

ఆ శీర్షికలో పేరు ఉండడం గురించి చాలాసేపు ఆలోచించాను. మా అమ్మ ఆ పిల్లని అడిగింది కూడా పేరే.

ఇప్పుడు అన్నకి జవాబు. హుకౌ కులం కాదన్నా. దానికి శాస్త్రం లేదు, అంటు లేదు. హుకౌ మారినవాడి మనవణ్ణి ఎవరూ ఏ పల్లెవాడివని అడిగి వేరే గ్లాసు పెట్టరు. మాకు ఏ ఆఫీసులోనూ మారే కాగితం లేదు. కానీ ఒకటి చూడు. వేల ఏళ్ళ ధర్మం చేసిన పనిని అక్కడ ఒక సర్కారు ఒక చట్టంతో చేసింది, అదీ కూలీల పేరు మీద వచ్చిన సర్కారు. చేయగలిగినవాళ్ళు తీసేయగలరు కూడా. అందుకే ఎవరైనా అసమానతని ప్రకృతి అనో, ప్రతిభ అనో అంటే నేను మొదట చట్టం చూస్తాను, తర్వాత పాయింట్ల పట్టిక చూస్తాను. మాకు ఎమ్మార్వో ఆఫీసులో ఇచ్చే కుల ధ్రువీకరణ పత్రం కూడా పుట్టుకని రాసే కాగితమే. అంబేద్కర్ వల్ల ఆ కాగితం గేటు తెరవడానికి పనికొచ్చింది. పుట్టుకని రాసే కాగితం ఎవరి చేతిలో ఉంది, దేనికి వాడుతున్నారు అన్నదే అసలు సంగతి.

చైనాని తిట్టడానికి ఇది పనికొస్తుందని సంబరపడేవాళ్ళకి కూడా ఒక మాట. 2020 లాక్‌డౌన్‌లో వందల మైళ్ళు నడిచిన కాళ్ళని మన నగరాలు ఏ కాగితం అడక్కుండానే వెళ్ళగొట్టాయి.

చివరికి నా సంగతి. ఇది రాయకపోతే పైన రాసిందంతా వృథా.

పోయిన ఏడాది మా అపార్ట్‌మెంట్‌లో ఒక తీర్మానం చేశారు. పనివాళ్ళకి ఫొటో కార్డులు. కార్డు మెళ్ళో లేకపోతే గేటు దాటకూడదు. వాళ్ళకి వెనక లిఫ్టు. కాగితం ఇంటింటికీ తిరిగింది. ఆ బ్లాకులో మాది ఒక్కటే మా వాడ నుంచి వచ్చిన ఇల్లు. ఎవరికీ తెలియదనుకుంటాను, తెలిసినా అడగరు. పరీక్ష పేపర్లు దిద్దుతూ సంతకం పెట్టేశాను. డాక్టర్ అని ముందు రాసి మరీ.

రెండు వారాలకి అమ్మ కొత్తిమీర కొనడానికి కిందికి పోయి వస్తుంటే వాచ్‌మన్ ఆపాడు. కొత్తవాడు. కార్డు ఏదని అడిగాడు. అమ్మ పైకొచ్చి నాతో గొడవ పెట్టుకోలేదు. చెప్పులు విడుస్తూ "నాగ్గూడ ఒకటి చేపియ్యరాదు బిడ్డా, రోజు గీ లొల్లి ఎందుకు?" అంది.

ఆమె నిజంగానే అడిగింది. వెక్కిరింపు కాదు. పదకొండేళ్ళు స్కూలు గేటు దగ్గర అలాంటి కార్డు వేసుకున్న మనిషి.

ఆ సంతకం వెనక్కి తీసుకుంటున్నానని పోయిన ఆదివారం సంఘానికి రాసిచ్చాను. నా పూర్తి పేరు, మా ఊరు, మా వాడ, అమ్మ చేసిన పని, అన్నీ అందులో రాశాను. ఇప్పటిదాకా జవాబు లేదు. ఇద్దరు నమస్కారం పెట్టడం మానేశారు. మా ఇంట్లో పనికొచ్చే అక్క నిన్న ముందు లిఫ్టులో వచ్చింది. ఆమె పేరు యాదమ్మ. మూడేళ్ళుగా వస్తోంది, ఊరు ఏదని మాత్రం మొన్ననే అడిగాను. మా పక్క మండలం.

జై భీమ్.